‘మెట్రోపాలిస్’: మారువేషాలూ, వర్గ స్వభావమూ

మారువేషం కథలకు కొత్త సరుకు కాదు. విరాటుని కొలువులో ధర్మరాజు కంకుభట్టు అయ్యాడు, భీముడు వలలుడై గరిటె పట్టాడు, అర్జునుడు బృహన్నలయై ఆట నేర్పాడు. గడువు తీరగానే జమ్మిచెట్టు మీది ఆయుధాలు దిగివచ్చాయి, ఎవరి పేర్లు వారికి దక్కాయి. ఆ విరాటుని వంటశాలలోనే పుట్టి ఆ పొగలోనే పోయే వంటవాళ్ళ సంగతి ఏమిటని కథ అడగదు. అడగవలసిన అవసరం ఆ కథకు లేదు. రాజు సేవకుడుగా నటిస్తే అందులో రసం పుడుతుంది. సేవకుడు రాజుగా నటిస్తే అది నేరమవుతుంది, లేకపోతే నవ్వులాట అవుతుంది. ఈ తేడా కథకులు కల్పించింది కాదు, సమాజంలో ఉన్నదే.

మూకీ చిత్రాల కాలంలో ఈ పాత ఎత్తుగడకు గిరాకీ మరీ హెచ్చింది. అందుకు కారణం సులువుగానే కన్పిస్తుంది. మాట్లాడే చిత్రంలో మారువేషగాణ్ణి గొంతో, యాసో ఎప్పుడో ఒకప్పుడు పట్టిస్తుంది. మూకీలో గొంతే లేదు. మనిషిని పోల్చుకోవటానికి ప్రేక్షకుడికి మిగిలిన ఆనవాళ్ళు ఒంటిమీది బట్ట, ముఖం, నడక. అందుచేత 1921లో చాప్లిన్ తీసిన ‘ది ఐడిల్ క్లాస్’లో దేశదిమ్మరి ధనవంతురాలి భర్తగా చలామణీ అయ్యాడు, 1923 నాటి ‘ది పిల్‌గ్రిమ్’లో పారిపోయిన ఖైదీ మతగురువుగా పూజలందుకున్నాడు. బట్ట మారితే మనిషి విలువ మారిపోయే సమాజాన్ని చాప్లిన్ నవ్వుతూ నిలవదీశాడు. అదే ప్రశ్నను గంభీరంగా వేసి, సగం జవాబు చెప్పి, మిగిలిన సగానికి తానే జడిసిన చిత్రం ఒకటుంది. అది జర్మనీలో ఫ్రిట్జ్ లాంగ్ తీసిన ‘మెట్రోపాలిస్’.

ఈ చిత్రం 1927 జనవరి 10న బెర్లిన్‌లో మొదటిసారి ప్రదర్శితమయింది. రచన లాంగ్ భార్య థియా ఫాన్ హార్బో. ఊఫా సంస్థ దీని మీద యాభై లక్షల మార్కులకు పైగా కుమ్మరించి దాదాపు దివాలా అంచుకు చేరింది. కథ చాలామందికి తెలిసిందే గనుక క్లుప్తంగా చెబుతాను. పైన ఆకాశాన్నంటే మేడలు, క్రీడా మైదానాలు, ఉద్యానాలు, భూగర్భంలో యంత్రాలు, యంత్రాలకింద కార్మికుల నగరం. పై నగరానికి అధిపతి జో ఫ్రెడర్సన్. అతని కొడుకు ఫ్రెడర్ కార్మికుల పిల్లల్ని వెంటబెట్టుకొని వచ్చిన మరియా అనే యువతిని చూసి, ఆమెను వెదుక్కుంటూ కిందికి దిగుతాడు. మరియా సమాధి గుహల్లో కార్మికులను పోగుచేసి, ఓర్పు పట్టండి, మధ్యవర్తి వస్తాడు అని బోధిస్తూ ఉంటుంది. ఫ్రెడర్సన్ ఆజ్ఞమీద రోట్వాంగ్ అనే శాస్త్రజ్ఞుడు తన లోహపు బొమ్మకు మరియా రూపం తొడుగుతాడు. ఆ దొంగ మరియా కార్మికుల్ని రెచ్చగొట్టి యంత్రాలను పగలగొట్టిస్తుంది. కార్మికుల నగరం నీట మునుగుతుంది. చివరకు ప్రార్థనాలయం వాకిట యజమానికీ మేస్త్రీకీ కొడుకు చెయ్యీ చెయ్యీ కలుపుతాడు. తలకూ చేతులకూ నడుమ హృదయం రాయబారం నడపాలట! అదీ ఈ చిత్రం మనకు చెప్పదలచిన నీతి.

దీని మీద రెండు రకాల తీర్పులు వింటూంటాం. ఆ నగర నిర్మాణం చూసి, షుఫ్టాన్ అద్దాలతో సాధించిన మాయాదృశ్యాలు చూసి, ఇంతకు మించిన శిల్పం లేదని మురిసిపోయేవాళ్ళు కొందరు. ఆ కరచాలనం చూసి ఇది ఫాసిజానికి పరచిన తివాచీ అని కొట్టిపారేసేవాళ్ళు కొందరు. 1947లో సిగ్‌ఫ్రీడ్ క్రకావర్ రాసిన గ్రంథం ఈ రెండో వాదానికి మూలం. క్రకావర్ చెప్పిందాంట్లో నిజం చాలా ఉంది. 1927లోనే ఊఫాను కొన్న హ్యూగెన్‌బర్గ్ 1933లో హిట్లర్ మొదటి మంత్రివర్గంలో కూర్చున్నాడు. హార్బో నాజీల ఏలుబడిలో చిత్రాలకు రాస్తూ ఉండిపోయింది. లాంగ్ ఆ ఏడే దేశం విడిచాడు. ఈ ముగింపు తనకు నచ్చలేదని లాంగ్ తరవాత తానే ఒప్పుకున్నాడు. అయితే తీర్పు అక్కడితో ముగిస్తే మనం ముగింపును మాత్రమే విమర్శించినట్టు. చిత్రం వేసిన వేషాలను ఒక్కొక్కటీ విప్పి చూడాలి. ఏ వేషం ఎవరికి ఎంతసేపు అనుమతించారన్నదే ఇందులో అసలు విషయం.

మొదటి వేషం ఫ్రెడర్‌ది. కిందికి వెళ్ళిన ఫ్రెడర్‌కు గడియారం ముఖంలాంటి ఒక యంత్రం ముందు సొమ్మసిల్లబోతున్న కార్మికుడు కనిపిస్తాడు. వాడి పేరు జార్జి. టోపీ మీద మాత్రం పేరు లేదు, 11811 అన్న అంకె ఉంది. ఫ్రెడర్ తన తెల్లని పట్టుబట్టలు వాడికిచ్చి, వాడి నల్లని పనిబట్టలు తాను తొడుక్కొని, యంత్రం ముల్లులు పట్టుకుంటాడు. పది గంటల పాళీ. చివరికి ఆ ముల్లుల మీద సిలువ వేసినట్టు వేలాడుతూ, ఈ పది గంటలకు అంతు లేదా అని తండ్రిని తలచుకొని ఆక్రోశిస్తాడు.

ఈ పది గంటల గడియారం ఊహాలోకపు వింత కాదని మనం గుర్తించాలి. 1918 నవంబరు విప్లవం జర్మన్ కార్మికులకు ఎనిమిది గంటల పనిదినం తెచ్చిపెట్టింది. 1923 డిసెంబరులో వచ్చిన ప్రభుత్వ శాసనం పది గంటల పనికి మళ్ళీ తలుపు తెరిచింది. ఆ తరవాత ఏడాదిన్నరకు ఈ చిత్రం షూటింగు మొదలయింది. బెర్లిన్ హాల్లో కూర్చున్న కార్మికుడికి ఆ గడియారం భవిష్యత్తుది కాదు, తాను ఆ పూట దిగివచ్చిన పాళీదే. ఇంగ్లండునుంచి హెచ్.జి. వెల్స్ 1927లో ఈ చిత్రాన్ని దుయ్యబడుతూ, యంత్రాలు పెరిగితే ఇలాంటి గొడ్డుచాకిరీ తగ్గుతుందే గాని పెరగదని వాదించాడు. యంత్రం ఎవరి చేతిలో ఉన్నదన్న ప్రశ్న వెల్స్ మహాశయుడికి అడ్డు రాలేదు. ఈ ఒక్క విషయంలో వెల్స్‌కంటే లాంగ్ కెమేరాయే నిజానికి దగ్గరగా ఉన్నది. పాళీ మారేటప్పుడు లోపలికి పోయే వరసకంటే బయటికి వచ్చే వరస ఎంత నెమ్మదిగా అడుగులు వేస్తుందో చూడండి. పది గంటలు ఒంట్లోంచి ఏం పిండుకున్నాయో ఒక్క అక్షరం లేకుండా తెలిసిపోతుంది.

ఇక రెండో వేషం జార్జిది. పట్టుబట్టలు తొడుక్కొని పైకి వెళ్ళిన ఆ కార్మికుడు ఏమయ్యాడు? ఎనభై ఏళ్ళపాటు ప్రపంచంలో దాదాపు ఎవరికీ తెలియలేదు. చిత్రం మొదటి నిడివి 4,189 మీటర్లు. అమెరికా కంపెనీలతో ఊఫాకున్న ఒప్పందం ప్రకారం పారమౌంటు వారు దాన్ని తమ దేశానికి కత్తిరించి తిరగరాయించారు. ఆ ఏడే బెర్లిన్‌లో కూడా పూర్తి ప్రతిని వెనక్కు తీసుకొని కుదించిన ప్రతిని వదిలారు. కత్తిరింపుకు ముందే కొని అర్జెంటీనాకు తీసుకుపోయిన ఒక ప్రతి చేతులు మారి, చిన్న ఫిల్ముకు ఎక్కి, బ్యూనస్ ఐరిస్ సినిమా మ్యూజియంలో పడి ఉండగా 2008లో బయటపడింది. దాన్ని చేర్చి కుదురుపరచిన చిత్రాన్ని 2010లో చూపించారు. సుమారు 25 నిమిషాల దృశ్యాలు తిరిగి వచ్చాయి. ఆ పాతికలో జార్జి కథ ఉంది.

ఫ్రెడర్ వాణ్ణి జోసఫాట్ అనే మిత్రుడి ఇంటికి పోయి తనకోసం కాచుకొని ఉండమంటాడు. యజమాని కారులో, యజమాని బట్టల్లో కూర్చున్న జార్జికి జేబులో డబ్బు తగులుతుంది. పక్క కారులో సింగారించుకున్న స్త్రీ కన్పిస్తుంది. యోషివారా అనే విలాసగృహం కరపత్రాలు పైనుంచి వాన చినుకుల్లా రాలతాయి. వాడు జోసఫాట్ ఇంటికి పోడు, యోషివారాకు పోతాడు. ఫ్రెడర్సన్ పంపిన గూఢచారి ఆ కారును వెంటాడి, లోపలున్నది ఫ్రెడరే అనుకొని, తీరా చూసేసరికి పట్టుబట్టల్లో ఒక కూలివాడు! పోయి నీ యంత్రం దగ్గర నిలబడు, అక్కణ్ణుంచి కదలినట్టే మర్చిపో అని వాణ్ణి తరిమేస్తాడు.

ఇందులో హార్బో వర్గదృష్టి దాగలేదు. యజమాని కొడుకు కార్మికుడి బట్ట తొడిగితే సిలువ మీది క్రీస్తు అవుతాడు. కార్మికుడు యజమాని బట్ట తొడిగితే భోగంవీధి పడతాడు. ఒకే మార్పిడిలో ఒకడికి మోక్షం, ఒకడికి పతనం. ఇది అన్యాయమే. అయినా ఈ దృశ్యాలు ఉండటం ఎంత అవసరమో, అవి లేని చిత్రాన్ని తలచుకుంటే తెలుస్తుంది. జార్జి తరవాత గుహలో, కార్మికులు ఫ్రెడర్‌ను యజమాని కొడుకుగా గుర్తుపట్టి పైకి దూకినప్పుడు, తాను అడ్డం వచ్చి కత్తిపోటు తిని చచ్చిపోతాడు. కత్తిరించిన ప్రతుల్లో జార్జి బట్టలిచ్చి మాయమవుతాడు. ఆ తరవాత వాడికి కథ లేదు. వేషం వేసే హక్కు ఫ్రెడర్‌కు మిగిలింది. జార్జి ఫ్రెడర్ వేషానికి బట్టలు సరఫరా చేసిన మనిషిగా మాత్రం మిగిలాడు.

దీన్ని కుట్ర అని నేను అనను. కత్తెర పట్టుకున్నవాళ్ళు వ్యాపారస్థులు. నిడివి ఎక్కువయింది, అనవసరమైంది తీసేద్దామనుకున్నారు. ఏది అనవసరం అని నిర్ణయించటంలోనే వాళ్ళ వర్గం బయటపడింది. ప్రేమకథ అవసరం, ప్రళయం అవసరం, కరచాలనం మరీ అవసరం. కూలివాడు ఒక్క రాత్రి పట్టుచొక్కాలో తిరిగి ఏం చూశాడన్నది అనవసరం.

మూడో వేషం దొంగ మరియా. రెండు మరియాలనూ బ్రిగిట్టే హెల్మ్ ఒక్కతే అభినయించింది. ఆమెకిది మొదటి చిత్రం. రెండు పాత్రలకూ ముఖం ఒకటే, గొంతు లేదు. భేదమంతా ఒంటితో చూపాలి. అసలు మరియా చేతులు ఛాతీ దగ్గర ముడుచుకునే ఉంటాయి, చూపు నిలకడగా ఉంటుంది. దొంగ మరియాకు ఒక కన్ను సగం వాలి ఉంటుంది, తల పక్షి తలలాగా ఠక్కున తిరుగుతుంది, భుజం ఒకటి ఎగసి ఉంటుంది, పెదవి ఒక పక్కకు లాగుతుంది. యోషివారాలో పెద్దమనుషుల ముందు నాట్యం చేసేటప్పుడూ, గుహలో కార్మికుల ముందు ఉపన్యసించేటప్పుడూ ఆమె కదలికలు ఒకటే. పైవాళ్ళను కామంతోనూ, కిందివాళ్ళను కోపంతోనూ ఒకే బొమ్మ ఆడిస్తున్నది. మాటలు లేని నటనలో ఇంతకంటే స్పష్టంగా వేషాన్నీ, వేషం కింది ఇనుమునూ కలిపి చూపినవాళ్ళు అరుదు.

ఫ్రెడర్సన్ ఈ బొమ్మను ఎందుకు చేయించాడు? ఇక్కడ చిత్రం ఒక పచ్చి నిజాన్ని తాకింది. దాన్ని మన విమర్శకులు తగినంత పట్టించుకోలేదని నా అభిప్రాయం. అసలు మరియా బోధిస్తున్నది తిరుగుబాటు కాదు, ఓర్పు. యజమానికి ఆ ఓర్పు కూడా పనికిరాదు. కార్మికులు తమంతట తాము ఒకచోట చేరి ఒకరి మాట వినటమే అతనికి ప్రమాదం. వాళ్ళు హద్దు మీరితే బలప్రయోగానికి సాకు దొరుకుతుంది. అందుకని వాళ్ళ నాయకురాలి ముఖంతోనే వాళ్ళను రెచ్చగొట్టిస్తాడు. ఇది హార్బో కల్పన అనుకుంటే పొరపాటు. జారు రష్యాలో పోలీసు అధికారి జుబాతోవ్ పోలీసుల నీడన కార్మిక సంఘాలు పెట్టించాడు. సోషలిస్టు విప్లవకారుల హత్యాదళాన్ని నడిపిన అజేఫ్ పోలీసుల జీతగాడని 1908లో బయటపడింది. బోల్షెవిక్ ప్రతినిధిగా డూమాలో కూర్చున్న మాలినోవ్‌స్కీ కూడా ఆ బాపతేనని 1917లో రుజువయింది. నాయకుడి ముఖం తొడుక్కొని వచ్చే యజమాని మనిషి, కార్మికోద్యమ చరిత్రలో లోహపు బొమ్మకంటే భయంకరమైన వాస్తవం. దాన్ని తెరమీద ఇంత సూటిగా చూపిన చిత్రం ఆ కాలంలో మరొకటి నాకు కన్పించదు.

అయితే నిజాన్ని తాకి చిత్రం వెంటనే చెయ్యి వెనక్కు తీసుకుంది. ఎలాగంటే, ఇందులో మరియాలు ఇద్దరే. కాచుకొని ఉండండి అనేది అసలుది. పగలగొట్టండి అనేది నకిలీది. పని ఆపండి, ఒక్కటిగా నిలబడండి, అడగవలసింది అడగండి అనే మూడో మరియా లేదు. అందువల్ల తిరుగుబాటు అన్నదల్లా నకిలీ సరుకైపోయింది. ఓర్పు మాత్రమే అసలు సరుకుగా మిగిలింది. రోజాలక్సెంబర్గ్‌ను 1919 జనవరిలో చంపి కాలువలో పారేసిన నగరంలో, కార్మికులకు ఉపన్యాసమిచ్చే స్త్రీని తిరగబడమన్నందుకు మంటల్లో వేసే దృశ్యం ఎనిమిదేళ్ళకు తెర మీదికి వచ్చింది. రచయిత్రి ఉద్దేశం ఏదైనా, ఆ జ్ఞాపకం చూసేవాళ్ళను తాకకుండా పోదు.

ఆ మూడో మరియా జర్మనీలో లేక కాదు. 1920 మార్చిలో కాప్ ముఠా సైన్యంతో బెర్లిన్‌ను ఆక్రమించినప్పుడు కార్మికులు సార్వత్రిక సమ్మె చేశారు. ట్రాములు ఆగాయి, దీపాలు ఆరాయి, కుళాయిలు ఎండాయి. నాలుగైదు రోజుల్లో కాప్ పారిపోయాడు. యంత్రాలను పగలగొట్టి కాదు, వాటి మీదినుంచి చేతులు తీసి గెలిచారు. ఆ బెర్లిన్ పక్కనే తీసిన చిత్రంలో చేతులు తీసిన మరుక్షణం వరద వచ్చి కార్మికుల బిడ్డలే మునుగుతారు! యంత్రం ఆగితే చచ్చేది మీరే సుమా అని కార్మికుడికి చెప్పటం కాక ఇది మరేమిటి? ఆ వరద దృశ్యం చిత్రంలోకెల్లా గొప్పదన్న మాట ఒప్పుకుంటాను. బెర్లిన్ పేదవాడల నుంచి తెచ్చిన వందలాది పిల్లలు చలినీళ్ళల్లో నిలబడి నటించారన్నదీ, బాబెలు గోపుర దృశ్యం కోసం నిరుద్యోగులు తలలు గొరిగించుకున్నారన్నదీ ఆ గొప్పతనం ఖర్చులో రాసుకోవాలి.

ఇక గుర్తుపట్టటం సంగతి. మారువేషం కథలో ఎవరు గుర్తుపట్టారన్నది చాలా ముఖ్యం. గుహలో వేలమంది కార్మికులున్నారు. ఎన్నాళ్ళుగానో మరియా మాటలు విన్నవాళ్ళు. ఒక్కడు కూడా తేడా కనిపెట్టలేదు. ఆమెను ఒకటి రెండుసార్లు చూసిన యజమాని కొడుకు చూడగానే, నువ్వు మరియావి కావు అని అరుస్తాడు. ఆ తరవాత అదే జనం నకిలీదాన్ని వెతుకుతూ అసలు మరియాను తరుముతారు. జనానికి కళ్ళు లేవు, చేతులు మాత్రమే ఉన్నాయన్నది ఈ చిత్రం పడికట్టు సూత్రం.

మన ‘కన్యాశుల్కం’లో గురజాడ ఒక మారువేషం వేయించాడు. కరటకశాస్త్రి తన శిష్యుడికి ఆడవేషం కట్టి లుబ్ధావధాన్లకు పెళ్ళికూతురుగా అమ్ముతాడు. పెళ్ళి జరిగిపోతుంది. ఆ వేషం లుబ్ధావధాన్లను మోసం చేసిందనుకుంటాం గాని, అది బయటపెట్టింది కన్యాశుల్కాన్నే. సొమ్ము చేతులు మారితే చాలు, పెళ్ళిపీట మీద ఉన్నది ఆడపిల్లో మగపిల్లవాడో కూడా ఆచారానికి పట్టదు. వేషం తొలగాక ఆచారం దిగంబరంగా నిలబడిపోతుంది. ‘మెట్రోపాలిస్’లో జరిగింది దీనికి సరిగ్గా తలకిందులు. మంటల్లో మరియా ముఖం కరిగి కింద లోహం బయటపడుతుంది. కార్మికులు నివ్వెరపోతారు. అంతే. ఈ బొమ్మను ఎవరు చేయించారు? ఒక్కడు అడగడు. చేసినవాడు రోట్వాంగ్ ప్రార్థనాలయం కప్పు మీంచి పడి చస్తాడు గనుక నేరమంతా పిచ్చి శాస్త్రజ్ఞుడి ఖాతాలోకి పోతుంది. చేయించినవాడు కొడుకు కోసం మోకరిల్లిన కన్నతండ్రిగా లేచి నిలబడతాడు.

ఇక్కడ మేస్త్రీ గ్రోట్‌ను గమనించాలి. హృదయయంత్రానికి కాపలా అతనే. కార్మికులు దండెత్తి వచ్చినప్పుడు అతను తలుపులు బిగించాడు; తెరవమని ఆజ్ఞాపించింది స్వయానా ఫ్రెడర్సన్. అంటే, ఈ వినాశానికి ఎవరు గడియ తీయించారో ఎరిగిన కార్మికుడు చిత్రం మొత్తం మీద ఒకడున్నాడు. ఆఖరి దృశ్యంలో యజమాని చెయ్యి పట్టుకోవటానికి ముందుకు వచ్చేది ఆ ఒక్కడే! వెనకాల కార్మికులు కోణాకారంలో బారులు తీరి, మళ్ళీ పాళీ మారేటప్పటి నడకతోనే మెట్లదాకా వస్తారు. హెన్రిష్ జార్జి అనే మంచి నటుడు గ్రోట్ వేషం వేశాడు. చెయ్యి చాచటానికి ముందు కాస్త తటపటాయిస్తాడు. ఆ తటపటాయింపు సిగ్గుదని దర్శకుడి ఉద్దేశం. నాకు మాత్రం, తలుపు తెరవమన్న మాట ఆ క్షణాన అతనికి గుర్తొచ్చిందేమోనని అనుమానం.

ఈ చిత్రాన్ని ఫిల్ము సొసైటీల్లోనూ, కార్మిక సంఘాల్లోనూ చూపించదలచినవాళ్ళు 2010 నాటి ప్రతినే తెప్పించాలి. రెండున్నర గంటలు పడుతుంది. గంటన్నర ప్రతులూ, 1984లో రంగులద్ది రాక్ సంగీతం తగిలించిన ప్రతీ ఇంకా తిరుగుతూనే ఉన్నాయి; వాటిలో జార్జి లేడు. కొత్త ప్రతిలో కూడా ఒకటి రెండు ఘట్టాలు దొరకనివి దొరకనట్టే ఉన్నాయి, వాటి బదులు అక్షరాలు వేశారు. అర్జెంటీనానుంచి వచ్చిన భాగాలు గీతలు పడి, అంచులు తెగి, తక్కిన చిత్రంలో కలవకుండా వేరుగా కన్పిస్తాయి. 11811 యజమాని కారులో కూర్చొని జేబులో చెయ్యి పెట్టే దృశ్యం ఆ గీతల వానలోనే ఉంది.